తిరుపతిలో ఇల్లు కడుతున్నారా? రోజు కూలి, లేబర్ కాంట్రాక్టు, మొత్తం గుత్త: ఏది ఎవరికి సరిపోతుంది

అవిలాల కానీ, కరకంబాడి కానీ, తనపల్లి కానీ, తిరుపతి చుట్టూ ఎక్కడ స్థలం కొన్నా ముగ్గు పోసేలోపే ముగ్గురు మేస్త్రీలు వస్తారు. ఒకాయన రోజు కూలికి చేస్తానంటాడు. ఇంకొకాయన చదరపు అడుగుకు ఇంత అని లేబర్ రేటు చెబుతాడు. మూడో ఆయన సిమెంటు, కమ్మీ, ఇసుక అన్నీ తనే తెచ్చుకుంటాననీ, గృహప్రవేశం రోజు తాళంచెవి మీ చేతికిస్తాననీ అంటాడు. చాలామంది ఈ మూడు అంకెలూ ఒక కాగితం మీద రాసుకుని తక్కువది ఎంచుకుంటారు. నష్టం అక్కడే మొదలవుతుంది. మొదటి మేస్త్రీ చెప్పింది రోజుకు ధర, రెండో ఆయన చెప్పింది కొలతకు ధర, మూడో ఆయన రేటులో సరుకు, లాభం, బాధ్యత అన్నీ కలిసి ఉన్నాయి. వీటిని పక్కపక్కన పెట్టి పోల్చలేం.

సైట్ పనుల మధ్యే బతుకుతున్న మనిషిగా నేను ఇచ్చే సలహా ఒకటే. ఏ పద్ధతి ఎంచుకున్నా, ఆ రేటులోంచి తాపీ పట్టేవాడి చేతికి, తట్ట మోసే ఆమె చేతికి ఎంత చేరుతుందో, ఏ రోజు చేరుతుందో ముందు తెలుసుకోండి. గోడ తూకంగా లేవడం, స్లాబ్ కారకపోవడం చాలావరకు దాని మీదే ఆధారపడి ఉంటాయి.

రోజు కూలి: ఆగిన ప్రతి గంటా మీ ఖాతాలోనే

రోజు కూలిలో పని నెమ్మదిస్తే డబ్బు పోయేది మీది. ఇసుక ట్రాక్టర్ రాకపోయినా, నీళ్ల ట్యాంకర్ ఆలస్యమైనా, కరెంటు పోయి కాంక్రీటు కలిపే మిల్లర్ ఆగినా కూలి మాత్రం పడుతుంది. ఖర్చు పెరిగిపోయిందని మేస్త్రీని తిట్టే ఓనర్లను చాలామందిని చూశాను. లెక్క తీస్తే చాలాసార్లు తప్పు ఇటుక ముందురోజే తెప్పించని ఓనర్‌దే అయ్యేది.

అంకెల్లో చూద్దాం. ఒక మేస్త్రీ, ఇద్దరు కూలీలు కలిపి ఒక జట్టు. లెక్క సులువుగా ఉండటానికి జట్టుకు రోజుకు 2,400 రూపాయలు అనుకుందాం. మీ వీధిలో ప్రస్తుతం నడుస్తున్న కూలి కనుక్కుని ఆ అంకె ఇక్కడ వేసుకోండి. మేస్త్రీ రోజుకు ఒక ఘనమీటరు ఇటుక కట్టుబడి కడతాడని ఎస్టిమేషన్‌లో వేస్తారు. తొమ్మిదంగుళాల గోడలో అది సుమారు 47 చదరపు అడుగులు. అంటే అడుగుకు 51 రూపాయలు పడింది. ఇటుక రాక మధ్యాహ్నం దాకా ఖాళీగా కూర్చుని ఆ రోజు 30 అడుగులే లేస్తే అదే అడుగు 80 రూపాయలైంది. కూలి పైసా పెరగకుండానే గోడ ధర సగానికి పైగా పెరిగింది.

దీనికి బదులుగా దొరికేది నిదానం. వరస వరసకూ తూకం గుండు వేసి చూసుకునే ఓపిక రోజు కూలి జట్టుకే ఉంటుంది. వంటింటి కిటికీ అరడుగు పక్కకు జరపమన్నా జరుపుతారు, "ఎక్స్‌ట్రా" అన్న మాట రాదు. పాత ఇంటి రిపేర్లకు, బాత్రూమ్ లీకేజీలకు, పగిలిన పారాపెట్ గోడలకు ఇంతకంటే మంచి పద్ధతి లేదు. గోడ పగలగొడితే తప్ప లోపల పని ఎంతుందో ఎవరికీ తెలియదు కనుక, అలాంటి పనికి గుత్త రేటు చెప్పే మేస్త్రీ భయంతో ఎక్కువ చెబుతాడు, లేకపోతే తక్కువకు ఒప్పుకుని మధ్యలో వదిలేస్తాడు.

లేబర్ కాంట్రాక్టు: రేటును రోజుల్లోకి మార్చి చూడండి

మన దగ్గర సొంత ఇళ్లలో ఎక్కువగా నడిచేది ఇదే. సరుకు మీది, పని వాళ్లది, అడుగు లెక్కన రేటు. పన్ను వైపు కూడా ఒక సౌకర్యం ఉంది. అపార్టుమెంటు సముదాయంలో భాగం కాని ఒక్క ఇంటి కొత్త కట్టడానికి కేవలం లేబర్ కాంట్రాక్టు ఇస్తే దాని మీద జీఎస్టీ లేదు. అదే సరుకుతో సహా ఇస్తే, కాంట్రాక్టరు జీఎస్టీ రిజిస్ట్రేషన్ ఉన్నవాడైతే, మొత్తం బిల్లు మీద 18 శాతం పడుతుంది. సిమెంటు మీద 28 శాతం ఉన్న జీఎస్టీ 2025 సెప్టెంబర్ 22 నుంచి 18 శాతానికి తగ్గింది. లేబర్ కాంట్రాక్టులో సిమెంటు కొనేది మీరే కనుక ఆ తగ్గింపు నేరుగా మీకే అందుతుంది.

ఇక రేటు సంగతి. 25 అడుగుల వెడల్పు, 40 అడుగుల పొడవు, ఒకే అంతస్తు, వెయ్యి చదరపు అడుగుల ఇల్లు అనుకోండి. ఒక మేస్త్రీ పునాది నుంచి ప్లాస్టరింగ్ దాకా అడుగు 300 చొప్పున మూడు లక్షలకు చేస్తానన్నాడు. ఆయన మిగులు, తిరుగుడు ఖర్చులు పదిహేను శాతం తీసేస్తే కూలికి మిగిలేది 2,55,000. పైన అనుకున్న 2,400తో భాగిస్తే 106 జట్టు రోజులు.

ఇప్పుడు పని వైపు నుంచి రండి. బయటి గోడ చుట్టుకొలత 130 అడుగులు, ఎత్తు పది. తలుపులు, కిటికీలు పోగా 1,100 చదరపు అడుగుల తొమ్మిదంగుళాల గోడ. రోజుకు 47 చొప్పున 23 రోజులు. లోపలి నాలుగున్నర అంగుళాల గోడలు 850 అడుగులు, రోజుకు 54 చొప్పున 16 రోజులు. ప్లాస్టరింగ్ లోపలా బయటా కలిపి 3,900 అడుగులు, రోజుకు 86 చొప్పున 45 రోజులు. సీలింగ్ పూతకు ఇంకో 12. మొత్తం 96 రోజులు అయిపోయాయి. మిగిలింది పది రోజులు. పునాది తవ్వకం, పిల్లర్లు, బీములు, సెంట్రింగ్ (కాంక్రీటు గట్టిపడేదాకా కింద ఊతంగా కట్టే షీట్లు, జాకీలు), కమ్మీ కట్టడం, స్లాబ్ వేయడం ఇవన్నీ ఆ పది రోజుల కూలిలో జరగాలి. జరగవు.

మరి ఆయన 300కు ఎందుకు ఒప్పుకున్నాడు? దారులు రెండే. సగం ఇల్లు లేచాక ఆపి రేటు పెంచమని అడుగుతాడు. లేదా కూలీలకు తక్కువ ఇచ్చి, పనిని పరుగెత్తించి సరిపెడతాడు. అందుకే మిగతావాళ్లందరి కంటే బాగా తక్కువ చెప్పిన మేస్త్రీతో ఒప్పందానికి ముందు ఈ రోజుల లెక్క ఆయన ముందే వేసి చూపించండి. నిజాయితీ ఉన్న మేస్త్రీ "నిజమే అన్నా, ఇంగో రేటు చెప్తా" అంటాడు. అలా అన్నవాడికే పని ఇవ్వండి.

పరుగు పని ఎక్కడ కనిపిస్తుందో కూడా చెప్పాలి. ఎం20 అనే గ్రేడు కాంక్రీటుకు 50 కిలోల సిమెంటు బస్తాకు 30 లీటర్లకు మించి నీళ్లు పోయకూడదని మన దేశపు కాంక్రీటు ప్రమాణం ఐఎస్ 456 చెబుతుంది. ఇసుకలో తడి ఉంటే ఆ మేరకు ఇంకా తగ్గించాలి. నీళ్లు ఎక్కువ పోస్తే మాల్ జారుగా అయి తట్టలోంచి తేలిగ్గా పడుతుంది, పని గంట ముందే ముగుస్తుంది, కాంక్రీటు బలం మాత్రం పోతుంది. మిల్లర్ దగ్గర నీళ్ల బకెట్ పట్టుకున్న మనిషి పక్కన మీ మనిషి ఒకరు ఉండాలి.

రెండోది సెంట్రింగ్. షీట్లు, జాకీలు మేస్త్రీవైనా, అద్దెకు తెచ్చినవైనా, ఒక్కో రోజు ఆగితే ఆయనకు నష్టం. "పక్క సైట్లో రేపు సెంట్రింగ్ ఏయాలన్నా, షీట్లు ఇప్పేస్తాం" అని స్లాబ్ వేసిన ఐదో రోజే అడుగుతారు. మామూలు పోర్ట్‌ల్యాండ్ సిమెంటుతో వేస్తే ఆధారాల మధ్య దూరం 4.5 మీటర్ల లోపు ఉన్న స్లాబ్ కింద జాకీలు కనీసం 7 రోజులు, అంతకు మించితే 14 రోజులు ఉండాలి. బీముల కిందైతే 6 మీటర్ల లోపు 14 రోజులు, ఆపైన 21 రోజులు. మన అంగళ్లలో ఎక్కువగా దొరికే పీపీసీ (బూడిద లాంటివి కలిపిన సిమెంటు) నెమ్మదిగా బలం పుంజుకుంటుంది కాబట్టి ఇంకొన్ని రోజులు ఆపించండి. ఆ రోజులను ఒప్పందంలో రాసి, అదనపు అద్దె మీరు భరిస్తానని చెబితే గొడవే ఉండదు. స్లాబ్ విలువతో పోలిస్తే ఆ అద్దె లెక్కలోకి రాదు.

నీళ్లు పట్టడం ఎవరి పనో కూడా ముందే తేల్చుకోండి. లేబర్ కాంట్రాక్టులో అది సాధారణంగా ఎవరి పనీ కాకుండా పోతుంది. పీపీసీకి కనీసం 10 రోజులు, తిరుపతి ఏప్రిల్, మే ఎండల్లాంటి పొడి వేడిలో 14 రోజులు తడి ఆరకూడదు. దానికోసం ఒక మనిషిని పెట్టి కూలి ఇవ్వండి.

మొత్తం గుత్త: ఊళ్లో లేనివాళ్లకు

బెంగళూరులోనో చెన్నైలోనో గల్ఫ్‌లోనో ఉంటూ ఇక్కడ ఇల్లు కట్టేవాళ్లకు సరుకుతో సహా ఇవ్వడం తప్ప దారి లేదు. ఇసుకే తీసుకోండి. 2024 జూలై నుంచి ఉచిత ఇసుక విధానం వచ్చినా ఎత్తుబడి, రవాణా ఖర్చులు మనవే. లోడు దించేటప్పుడు కొలత చూసుకునే మనిషి లేకపోతే ఉచితం ఉచితంలా ఉండదు. ఈ తలనొప్పి అంతా కాంట్రాక్టరు మీద పెట్టేస్తారు, దానికి ఆయన ధర వేసుకుంటాడు. అందులో అన్యాయం లేదు.

కానీ ఈ పద్ధతిలో కూలి మనిషికీ మీకూ మధ్య దూరం బాగా ఎక్కువ. కాంట్రాక్టరు ఇటుక పని ఒకరికి, సెంట్రింగ్ ఒకరికి, టైల్స్ ఇంకొకరికి ఇస్తాడు. వాళ్ల కింద మేస్త్రీలు, మేస్త్రీల కింద కూలీలు. ప్రతి మెట్టు దగ్గరా కొంత మిగులు తీసుకుంటారు. చివరి మనిషికి చేరేది ఎంతో పైన ఉన్న మీకు తెలియదు. అందుకే సరుకు బ్రాండ్లు, కమ్మీ సైజులు, టైల్స్ ధర రాసినట్టే, ఒప్పందంలో ఒక వాక్యం రాయించండి: ప్రతి దశ డబ్బు ఇచ్చే ముందు కిందటి దశ కూలి బకాయిలు తీరినట్టు చూపించాలి. కాంట్రాక్టరుతో సంబంధం లేని ఒక ఇంజనీరును విడిగా పెట్టుకోండి, స్లాబ్‌కు ముందు కమ్మీ కట్టు ఆయన చూసి ఫొటోలు పంపాలి.

శనివారం బట్వాడా

ఇల్లు ఎలా లేస్తుందో తెలుసుకోవాలంటే శనివారం సాయంత్రం సైట్‌కు వెళ్లండి. మేస్త్రీ సిమెంటు బస్తాల మీద కూర్చుని చిన్న నోటు పుస్తకం తీస్తాడు. పేరు, ఎదురుగా గీతలు. పూర్తి రోజుకు నిలువు గీత, పూట పనికి సగం గీత. తట్ట మోసే ఆమె చీర కొంగుతో చేతులకు అంటిన సిమెంటు తుడుచుకుంటూ నిలబడుతుంది. "ఆరు రోజులునా" అంటుంది. "ఐదున్నర. మంగళారం వానకు మధ్యాన్నం నిలిపేశాం గదా. అడ్వాన్సులో ఐదొందలు పట్టుకున్నా." ఆమె వేళ్లు మడిచి లెక్కపెట్టుకుని నోట్లు రవికలో పెట్టుకుని వెళ్తుంది.

ఆ పుస్తకంలో మూడు సంగతులు కనిపిస్తాయి. ఒకటి, ఆడ కూలికీ మగ కూలికీ తేడా. ఒకే మిల్లర్ దగ్గర ఒకే తట్ట మోసినా ఆమెకు తక్కువ ఇవ్వడం మన దగ్గర మామూలైపోయింది. ఒకే పనికి ఆడా మగా ఒకే కూలి అని 1976 నాటి సమాన వేతన చట్టం చెప్పింది, 2025 నవంబర్ 21న అమల్లోకి వచ్చిన వేతనాల కోడ్ కూడా అదే చెబుతోంది. రోజు కూలికి పెట్టుకుంటే ఆ తేడా తీసేయడం పూర్తిగా మీ చేతిలో ఉంది. దయచేసి తీసేయండి. లేబర్ కాంట్రాక్టు ఇస్తే మాట్లాడుకునే రోజే మేస్త్రీకి చెప్పి రేటులో కలపండి.

రెండోది అడ్వాన్సు. పిల్లల ఫీజుకో ఆసుపత్రికో మేస్త్రీ దగ్గర తీసుకున్న డబ్బు వారం వారం కోతపడుతూ తీరుతుంది. అది తీరేదాకా ఆ మనిషి ఇంకో చోటికి వెళ్లలేడు, కూలి పెంచమని గట్టిగా అడగలేడు.

మూడోది మీరు ఆలస్యం చేసిన డబ్బు. లోన్ విడత రాలేదని మీరు వారం ఆపితే మేస్త్రీ సగం బట్వాడా చేస్తాడు. సోమవారం జట్టులో ఇద్దరు రారు, ఇంకో సైట్‌కు పోయి ఉంటారు. వాళ్ల జాగాలో కొత్తవాళ్లు వస్తారు. ప్లాస్టరింగ్‌లో ఒక గది గోడలు నున్నగా, పక్క గది గోడలు అలలు అలలుగా ఉండటానికి చాలాసార్లు కారణం ఇదే. బ్యాంకు డబ్బు వచ్చినా రాకున్నా రెండు వారాల కూలికి సరిపడా సొమ్ము చేతిలో లేకుండా పని మొదలుపెట్టకండి.

ఊరివాళ్లా, బయటివాళ్లా

చిత్తూరు వైపు బేల్దారి పనికి సరిహద్దు అవతలి నుంచి తమిళ మేస్త్రీలు వస్తుంటారు. తిరుపతిలో పెద్ద కట్టడాలకు ఒడిశా, బెంగాల్, బీహార్ వాళ్లు ఎక్కువ. ఊరి జట్టుకు ఉన్న గొప్ప లాభం, ఇల్లు పూర్తయ్యాక కూడా మనిషి దొరకడం. మొదటి వానకు సన్‌షేడ్ దగ్గర చెమ్మ కనిపిస్తే ఫోన్ చేస్తే వస్తాడు. అయితే గంగమ్మ జాతర, ఆడికృత్తిక, సంక్రాంతి వస్తే పని ఆగుతుంది, ఆగాలి కూడా. బయటి జట్టు నెలల తరబడి ఆగకుండా చేస్తుంది, తర్వాత ఒకేసారి ఊరెళ్లిపోతుంది. ఏ పండక్కి ఎన్నాళ్లు వెళ్తారో ముందే అడిగి స్లాబ్ తేదీ దానికి తగ్గట్టు పెట్టుకోండి. అక్టోబర్ నుంచి డిసెంబర్ దాకా ఈశాన్య రుతుపవనాల వానలు ఉంటాయి. 2021 నవంబర్‌లో తిరుపతి మునిగిన వానలు చూసినవాళ్లెవరూ ఆ నెలల్లో పునాది గుంతలు తెరిచిపెట్టరు.

బయటివాళ్లను పెట్టుకుంటే తక్కువకు అవుతుందని లెక్క వేసుకోవద్దు. వాళ్లు సైట్‌లోనే రేకుల షెడ్డులో ఉంటారు. తాగే నీళ్లు, మరుగుదొడ్డి, రాత్రికి లైటు, ఆడవాళ్లుంటే తలుపున్న స్నానాల గది. ఇవి లేకుండా మనుషులను ఉంచడం తప్పు. మేస్త్రీ ఏర్పాటు చేయకపోతే మీరు చేయండి, ఆ ఖర్చును రేటు పోలికలో కలపండి.

ప్రమాదం జరిగితే

మూడు పద్ధతులనూ పోల్చేటప్పుడు ఎవరూ మాట్లాడనిది ఇదే. ఎత్తులో నిలబడి పని చేసే సారవ కట్టె విరిగి మేస్త్రీ కిందపడితే ఆసుపత్రి బిల్లు ఎవరిది? రోజు కూలికి మీరే పెట్టుకుంటే వేళ్లన్నీ మీ వైపే చూపిస్తాయి. కాంట్రాక్టు ఇచ్చినా చిన్న మేస్త్రీ దగ్గర లక్షలు ఎక్కడివి? పని మొదలవకముందే జట్టు మొత్తానికి వర్తించేలా ఎంప్లాయీస్ కాంపెన్సేషన్ పాలసీ (పనిలో ప్రమాదానికి పరిహారమిచ్చే బీమా) తీయించండి. మొత్తం గుత్తలో దాని కాపీ చూడకుండా అడ్వాన్సు ఇవ్వకండి. ప్రధానమంత్రి సురక్షా బీమా ఏడాదికి 20 రూపాయలు, ప్రమాదంలో చనిపోతే కుటుంబానికి 2 లక్షలు. బ్యాంకు ఖాతా ఉండి 18 నుంచి 70 ఏళ్ల లోపు ఉన్న ఎవరైనా చేరొచ్చు. సైట్‌లో ఇరవై మంది ఉంటే 400 రూపాయలు. స్లాబ్ రోజు బిర్యానీ పెట్టించే ఓనర్లకు ఇది భారం కాదు.

భవన నిర్మాణ కార్మికుల బోర్డులో ఎంతమంది పేర్లు ఉన్నాయో కూడా అడగండి. 18 నుంచి 60 ఏళ్ల మధ్య ఉండి, కిందటి ఏడాదిలో 90 రోజులు కట్టడం పని చేసినవాళ్లు నమోదు చేసుకోవచ్చు. కట్టడాల ఖర్చు మీద వసూలయ్యే ఒక శాతం సెస్ వెళ్లేది ఈ కార్మికుల సంక్షేమానికే. సొంత ఇంటికి పాత చట్టంలో 10 లక్షల ఖర్చు వరకు సెస్ మినహాయింపు ఉండేది, కొత్త సామాజిక భద్రతా కోడ్‌లో ఆ హద్దు 50 లక్షలు. సెస్ కట్టాల్సి వచ్చినా రాకున్నా, మీ సైట్‌లో 90 రోజులు చేసినవాళ్లకు పని చేసినట్టు ఒక కాగితం రాసి సంతకం పెట్టివ్వండి. చాలామంది నమోదు ఆగిపోయేది ఆ కాగితం దగ్గరే.

నన్ను అడిగితే

ఊళ్లోనే ఉండి రోజుకు రెండు పూటలా సైట్‌కు వెళ్లగలిగితే లేబర్ కాంట్రాక్టు తీసుకోండి, కానీ ఇల్లంతా ఒకే రేటుకు కాదు. పునాది, సెంట్రింగ్, కమ్మీ, స్లాబ్ కలిపి ఒక రేటు, ఇటుక కట్టుబడికి ఒకటి, ప్లాస్టరింగ్‌కు ఒకటి. ఇలా విడగొడితే ఏ దశలో మేస్త్రీకి నష్టం వస్తుందో మీకూ కనిపిస్తుంది, మధ్యలో విడిపోవాల్సి వచ్చినా లెక్క తేలుతుంది. బాత్రూమ్ గుంత, టెర్రస్ మీద వాటర్‌ప్రూఫింగ్, నీళ్ల సంపు లోపలి పూత, ఈ మూడింటినీ మాత్రం అందులోంచి తీసి అదే జట్టుతో రోజు కూలికి చేయించండి. కప్పేశాక కనిపించని పనులివి. తొందర పెట్టకపోతే బాగా చేస్తారు, ఖర్చు పెరిగినా కొద్ది రోజుల కూలే.

ఊళ్లో లేకపోతే మొత్తం గుత్త, పైన విడిగా ఇంజనీరు. ఇద్దరినీ భరించలేమనుకుంటే ఇంటి సైజు కొంచెం తగ్గించుకోండి, ఇంజనీరును తగ్గించకండి. ఏ పద్ధతైనా మేస్త్రీకి ఇవ్వాల్సిన దానిలో కొంత ఆపి, ఒక వానాకాలం గడిచాక ఇస్తానని ముందే రాసుకోండి. అయితే ఆ ఆపే సొమ్ము మేస్త్రీ మిగులులోంచే ఉండాలి, కూలీల డబ్బు శనివారానికి శనివారం తీరిపోవాలి. కూలీలు పని కోసం నిలబడే అడ్డా దగ్గర నుంచి ఒక్కరోజు పనికి మనిషిని తెచ్చుకుంటే మాత్రం బండి ఎక్కించుకునే ముందే కూలి, పని గంటలు, తిరిగి దింపే ఖర్చు మాట్లాడుకుని, సాయంత్రం పూర్తి డబ్బు ఇచ్చి పంపండి.